సముద్రంలో మగ్గం వేసే ముందు

బిడ్డా,

సముద్రం అడుగున ఉన్న లోకం మీద నువ్వు రాసి పంపిన కథ చదివాను. పగడాల కోట, తాబేళ్ల మీద ఊరేగింపు బాగున్నాయి. నీ ఆదినేతగాడి దగ్గరికి వచ్చేసరికే చప్పబడింది. వాడు చెయ్యి ఊపగానే బట్ట తయారవుతోంది. అట్లాంటివాణ్ణి గారడీవాడంటారు, నేతగాడనరు. పురాణపురుషుడైనా సరే, వాడి చేతికి పని తగలాలి.

నీళ్లలో మగ్గం ఎట్లా నడుస్తుందో జర కూర్చొని ఆలోచించు. పోగు బిర్రుగా, నున్నగా ఉండాలని మనం పడుగుకు, అంటే మగ్గం మీద పొడవునా బిగించే పోగులకు, గంజి పట్టించి ఆరబెడతాం. సముద్రంలో గంజి నిలవదు, ఆరబెట్టే మాటే లేదు. పోగులన్నీ నాచులాగా తేలుతూ ఒకదానికొకటి చుట్టుకుంటాయి. మరి పడుగును బిగించేదేది? పూర్వం గ్రీకు దేశంలో మగ్గాన్ని నిలువుగా నిలబెట్టి, పడుగు పోగుల చివర్లకు మట్టి బిళ్లలో రాళ్లో వేలాడదీసేవారు. నీ వాడికి అది పనికొస్తుంది, సముద్రం అడుగున రాళ్లకేం కొదవ? అడ్డపోగును మోసుకుపోయే నాడెను విసిరితే మాత్రం అవతలి అంచుకు చేరదు, నీళ్లు మధ్యలోనే ఆపేస్తాయి. అందుకని పేకను, అంటే ఆ అడ్డపోగును, చేత్తోనే దూర్చాలి. మన కొత్తవాడలో నేల మీద పరిచే దర్రీలకు రంగు మారిన చోటల్లా పేకను చేత్తో దూర్చి, పంజాతో, అంటే పళ్లున్న దువ్వెనలాంటి పనిముట్టుతో, కొట్టి కూర్చోబెడతారు కదా, అదే పని. నీళ్లలో పంజా దెబ్బ కూడా మెత్తబడుతుంది, కాబట్టి వాడి పంజా బరువైనది కావాలి. దాన్ని ఏ జీవి ఎముకతో చేశాడో నువ్వే చెప్పాలి.

పోటుకూ ఆటుకూ మధ్య నీళ్లు కాసేపు నిలబడతాయి. చాలా తీరాల్లో ఒక పోటు నుంచి ఇంకో పోటుకు సుమారు 12 గంటల 25 నిమిషాలు. వాడు ఆ నిలకడ నీళ్లలోనే నేస్తాడనుకో, ఒక్క బట్టకు ఏళ్లు పట్టిందన్నా చదివేవాళ్లు నమ్ముతారు.

నూలు ఎక్కడిదో కూడా నువ్వు రాయలేదు. మధ్యధరా సముద్రంలో ఒక పెద్ద ఆల్చిప్ప ఉంది. సన్నటి పోగులు వదిలి, వాటితో అడుగున పట్టు నిలుపుకుంటుంది. ఇటలీకి చెందిన సార్డీనియా దీవిలో ఆ పోగుల్ని కడిగి, దువ్వి, వడికి, బంగారు వన్నె బట్ట నేసేవారు. 2016 నుంచి ఆ ఆల్చిప్పలు జబ్బుతో కుప్పలుగా చచ్చిపోయాయి. ఇప్పుడు వాటిని తియ్యడం నిషేధం. నీ నేతగాడు అట్లాంటి జీవి దగ్గర పోగు అడిగి తీసుకున్నాడా, లాక్కున్నాడా? నన్నడిగితే నీ పురాణం మొదలవ్వాల్సింది అక్కడ.

మన పద్మశాలీల మూలపురుషుడు భావనారుషి కథ చూడు. దేవతలకు బట్టల్లేవు, అది అవసరం. మార్కండేయుడు యజ్ఞం చేస్తే భావనారుషి పుట్టాడు. విష్ణువు నాభిలోని తామర నుంచి నార తెచ్చి నేశాడు. నార ఎక్కడిదో చెప్పకుండా కథ ముందుకు పోదు. అందరికీ బట్టలిస్తే శివుడు మాత్రం వద్దు, నాకు పులితోలు కావాలన్నాడని మనవాళ్లు చెప్తారు. నాకు ఆ ముక్క భలే ఇష్టం. ఎంత బాగా నేసినా వద్దనే గిరాకీ ఒకడుంటాడు. నీ సముద్రదేవుళ్లలోనూ అట్లాంటి పేచీకోరును ఒకణ్ణి పెట్టు.

ఇక ఈ కథను నీ లోకంలో ఎవరు చెప్తారు? మనకు కథలు చెప్పే కూనపులివాళ్లు చేర్యాల పటం విప్పుకుంటూ మార్కండేయ పురాణం చెప్పేవారు. ఖద్దరు గుడ్డకు గంజి, సుద్దమట్టి, చింతగింజల జిగురు పట్టించి, ఎర్రరంగు పూసి దాని మీద బొమ్మలు వేసిన పటం అది. వాళ్లకు కూడు పెట్టింది పద్మశాలీలే గనుక కథలో సాలెవాడే పెద్దవాడు. నువ్వేమో మొత్తం కథను రాజుగారి ఆస్థాన కవి నోట చెప్పించావు. నేతవాళ్ల నోట చెప్పించు, రాజు ఎంత చిన్నగా అవుతాడో చూడు. సముద్రం అడుగు చీకట్లో పటం కనపడదు కాబట్టి ముడులు వేసిన తాడును తడుముతూ చెప్పే మనిషైతే బాగుంటాడు.

మనది సముద్రం లేని ఊరే కానీ, ఓరుగల్లు నుంచి ఏలిన కాకతీయులకు మోటుపల్లి రేవు ఉండేది. అక్కడ గణపతిదేవుడు 1244లో వేయించిన అభయశాసనం దొరికితే చదువు. గాలివానకు కొట్టుకొచ్చిన ఓడల సరుకంతా అంతకుముందు రాజులు లాగేసుకునేవారట. ఈయన సుంకం తప్ప ఇంకేం ముట్టుకోనని రాయించాడు. మునిగిన ఓడలో నీ నేతగాడి బట్ట ఉంటే అది ఎవరిది? నీ మూడో అధ్యాయంలో రెండు రాజ్యాలు ఉత్త పుణ్యానికి కొట్టుకుంటున్నాయి, ఈ తగాదా వాటికి సరిపోతుంది.

దసరాకు వచ్చినప్పుడు పక్కింటి మగ్గం మీద ఒక పూట కూర్చో, నేను చెప్పి ఉంచుతాను. పంజా పట్టినాక చేతిలో మొదట ఎక్కడ నొప్పి పుడుతుందో చూసుకుని రాసుకో. ఈసారి అక్షరాలు పెద్దవి చేసి పంపు, ఫోన్‌లో చదవలేక కళ్లు మంటలెత్తాయి.

మీ తాత,
కొత్తవాడ, వరంగల్