చుట్ట తాగే ఆ ముసలావిడ ఎవరు?

ప్రశ్న: మా అన్నయ్య ఫోన్‌లో ‘లోస్ త్రేస్ గార్సియా’ అనే పాత మెక్సికో సినిమా పెడితే, భాష రాకపోయినా చివరిదాకా చూశాం. అందులో చుట్ట కాలుస్తూ మనవళ్ళ మీదికి కర్ర ఎత్తే ముసలావిడను చూసి మా బాపమ్మ "ఈమెది మన నర్సంపేటనే" అని ఒకటే నవ్వు. వేషం కోసం పళ్ళు పీకించుకుందట, నిజమేనా?
- ఒక పాఠకురాలు, హనుమకొండ

జవాబు: నిజమేనండి, 14 పళ్ళు. ఆవిడ సారా గార్సియా. 1895లో వెరాక్రూజ్ రాష్ట్రంలోని ఒరిసాబాలో పుట్టింది, 1934లో ఒక నాటకంలో బామ్మ వేషం కోసం ఈ పని చేసేనాటికి నలభై కూడా నిండలేదు. అయితే ఎవరు మాట్లాడినా ఈ పళ్ళ కథ దగ్గరే ఆగిపోతారు, అదే నాకు నచ్చదు. బోసినోటితో నటన వచ్చేస్తే వరంగల్ చుట్టుపక్కల ఊళ్ళల్లో ఎంతమందికి అవార్డులివ్వాలి!

అసలు సంగతి వేరే. 1941లో వచ్చిన ‘క్వాందో లోస్ ఇహోస్ సే వాన్’ దొరికితే చూడండి, దొంగ అని తండ్రి ఇంట్లోంచి గెంటేసిన కొడుకును నమ్మే తల్లి, నోరెత్తదు, కళ్ళతోనే నడిపిస్తుంది. ఆ ముందు ఏడాదే ఆవిడ ఒక్కగానొక్క కూతురు టైఫాయిడ్‌తో పోయింది, రెండింటికీ ముడిపెట్టబుద్ధవుతుంది గానీ నేను పెట్టను, ఏడ్పించే తల్లి వేషాలు ఆవిడ అంతకుముందు నుంచే కడుతోంది. ఆరేళ్ళకు మీరు చూసిన 1947 సినిమా. అదే తెల్లజుట్టు, కానీ మనిషే వేరు. పెద్ద హీరో పేద్రో ఇన్ఫాంతే కూడా ఆ కర్ర ముందు పిల్లాడే! మనకు నిర్మలమ్మ గారి మంచితనం, సూర్యకాంతం గారి నోరు విడివిడిగా దొరికాయి, వాళ్ళకు రెండూ ఒక్క మనిషిలోనే దొరికాయి.

దాని రెండో భాగం ‘వ్వెల్వెన్ లోస్ గార్సియా’ కూడా ఉంది, అందులో బామ్మ చనిపోతుంది, మీ బాపమ్మకు ముందే చెప్పి పెట్టండి.

ఇక నాకు బాగా ఇష్టమైనది 1972 నాటి ‘మెకానికా నాసియోనల్’. అప్పటికి దేశం మొత్తానికీ ఆవిడే బామ్మ, ఆ పేరును ఎంత జాగ్రత్తగా కాపాడుకోవచ్చు! కాపాడుకోలేదు. కార్ల పోటీ చూడటానికి వెళ్ళి, నోటికొచ్చిన బూతులు తిట్టి, ఒళ్ళు తెలియకుండా తిని అక్కడే చచ్చిపోయే ముసలిదాని వేషం కట్టింది, డెబ్భై దాటాక. ఆ మరుసటి ఏడాదే, అంటే 1973లో, చాక్లెట్ కంపెనీ వాళ్ళు వచ్చి, ఆ తిట్లేవీ తాము విననట్టు, చల్లగా నవ్వే బామ్మగా ఆవిడ బొమ్మ తమ ‘అబువెలిటా’ (అంటే బామ్మ) చాక్లెట్ డబ్బా మీద వేసుకున్నారు.