సౌండ్ పని చేస్తూ ఎడిటర్ అవ్వొచ్చా?

సౌండ్ అసిస్టెంట్‌గా చేస్తున్నాను, ఎడిటింగ్‌కి మారితే ఇన్నాళ్ల పని వృథా అవుతుందా అని అడిగారు. కాదు. నన్నడిగితే డాక్యుమెంటరీ ఎడిటర్ కావాలనుకునే ప్రతివాళ్లూ ముందు కొన్నాళ్లు బూమ్ (పొడవాటి కర్రకి కట్టిన మైక్) పట్టుకోవాల్సిందే.

నేను రెండూ చేస్తాను. ఒకసారి చీరాల వైపు నేతపనివాళ్ల ఇంట్లో షూటింగ్. పెద్దావిడ ఇంటర్వ్యూ అయిపోయింది, కెమెరా కూడా సర్దేశారు. రూమ్ టోన్ (ఎవరూ మాట్లాడనప్పుడు గదిలో ఉండే చప్పుడు) కోసం నా రికార్డర్ మాత్రం ఇంకా నడుస్తోంది. అంతసేపూ మా ప్రశ్నలకు మర్యాదగా జవాబులిచ్చిన ఆవిడ కోడలి వైపు తిరిగి, "అసలు అప్పు సంగతి అడిగారా వీళ్లు?" అని మొదలుపెట్టి, నూలు బాకీ దగ్గర్నుంచి కొడుకు ఊరు వదిలి వెళ్లడం దాకా ఆపకుండా చెప్పేసింది, వెనక పక్కింటి మగ్గం చప్పుడు. ఆవిడకి వినిపించి, సరే అన్నాకే ఆ మాటల్ని ఖాళీ మగ్గం షాట్ మీద వేశాను. నిర్మాత మాత్రం "సౌండ్ క్లీన్‌గా లేదు, తీసేసి వీణ బిట్ వెయ్యి" అన్నాడు. ఇది మన దగ్గర పెద్ద జబ్బు. ఊళ్లో మనిషి బాధ చెప్పుకుంటుంటే దాని మీద వీణో వేణువో పొయ్యకపోతే తోచదు. చాలా గొడవపడి ఆ ముక్క నిలబెట్టుకున్నాను.

అంత ధైర్యం నాకు బ్రెజిల్ ఎడిటర్ ఎడువార్దో ఎస్కొరెల్ పనిచేసిన సినిమాలు చూశాక వచ్చింది. 1962లో స్వీడన్ దర్శకుడు ఆర్నె సుక్స్‌డోర్ఫ్ రియోలో నడిపిన కోర్సులో చేరినప్పుడు ఆయన ఇంకా టీనేజర్. నాగ్రా టేప్ రికార్డర్‌తో బయట, మనిషి మాట్లాడుతున్న చోటే సౌండ్ పట్టడం అక్కడి కుర్రాళ్లకు అలవాటైంది ఆ కోర్సులోనే. అప్పటిదాకా అక్కడా చాలావరకు డబ్బింగే. కొన్నేళ్లకే, 1967లో, దర్శకుడు గ్లౌబర్ రోషా తీసిన 'తెర్రా ఎం ట్రాన్సె' సినిమాకి ఎస్కొరెల్ ఎడిటింగ్ చేశాడు.

ఆయన ఎడిట్ చేసిన 'కబ్రా మర్కాదో పరా మొర్రెర్' సినిమా సంగతి వేరే. హత్యకు గురైన రైతు నాయకుడు జొవావ్ పెద్రో తెయ్‌షేరా కథగా దర్శకుడు కౌటిన్యో దాన్ని మొదలుపెడితే 1964 సైనిక కుట్రతో షూటింగ్ ఆగిపోయింది. 1981లో మళ్లీ వెళ్లి అదే మనుషుల్ని, వేరే పేరుతో దాక్కుని బతుకుతున్న తెయ్‌షేరా భార్య ఎలిజబెత్‌ని వెతికి పట్టుకున్నారు. పాత బ్లాక్ అండ్ వైట్ ముక్కల్నీ కొత్త రంగుల ఇంటర్వ్యూలనీ ఎస్కొరెల్ కలిపితే 1984లో సినిమా బయటికొచ్చింది. చివర్లో వీడ్కోలు చెప్పేటప్పుడు ఎలిజబెత్ మాట్లాడిన మాటలు వినండి. ఇంటర్వ్యూ అంతా ఒక ఎత్తు, అవి ఒక ఎత్తు.

తర్వాత దర్శకుడు జొవావ్ మొరైరా సాలెస్ తీసిన 'సాంతియాగో' (2007)ని ఎస్కొరెల్ ఇంకో ఎడిటర్‌తో కలిసి ఎడిట్ చేశాడు. తమ ఇంటి పాత బట్లర్‌ని సాలెస్ 1992లో షూట్ చేసి పక్కన పడేశాడు. ఏళ్ల తర్వాత ఎడిటింగ్‌లో దర్శకుడు కెమెరా వెనకనుంచి ఇచ్చిన ఆజ్ఞలన్నీ ఉంచేశారు. ఎవరైనా కోసి పారేసే సౌండే అది. దానివల్లే ఎవరు యజమానో ఎవరు పనివాడో మనకి తెలుస్తుంది. ఫీల్డులో హెడ్‌ఫోన్స్ పెట్టుకోని ఎడిటర్‌కి ఆ ఆలోచన రాదని నా గట్టి నమ్మకం.

కాబట్టి సౌండ్ పనులు మానకండి. మీరు రికార్డ్ చేసిన సినిమాకే ఎడిటింగ్ రూమ్‌లో అసిస్టెంట్‌గా కూర్చోనివ్వమని అడగండి. ఏ టేక్ తర్వాత ఎవరేం అన్నారో ఆ గదిలో మీకొక్కరికే తెలుసు.