ఈస్టర్న్ కమాండ్, ఈస్టర్న్ ఫ్లీట్ ఒకటేనా?

మన నౌకాదళంలోని ఈస్టర్న్ కమాండ్‌కీ ఈస్టర్న్ ఫ్లీట్‌కీ అధిపతి ఒకరేనా అని అడిగారు. కాదండి, ఇద్దరు. విశాఖ కేంద్రంగా ఉన్న తూర్పు నౌకాదళ కమాండ్‌కు వైస్ అడ్మిరల్ అధిపతి. స్థావరాలు, డాక్‌యార్డ్, తూర్పు తీర రక్షణ అన్నీ ఆయన కిందే. అందులోని యుద్ధనౌకల దళమే ఫ్లీట్. దాన్ని సముద్రం మీద నడిపించేది రియర్ అడ్మిరల్, ఒక మెట్టు కింది హోదా.

1971 యుద్ధం చూస్తే ఈ తేడా బాగా తెలుస్తుంది. ఫ్లీట్ ఏర్పడిందే ఆ ఏడాది నవంబరు 1న. నెల తిరిగేసరికి యుద్ధం! ఎంత టెన్షన్ పడి ఉంటారో. వైస్ అడ్మిరల్ కృష్ణన్ విశాఖ నుంచి వ్యూహం నడిపారు. రియర్ అడ్మిరల్ శర్మ విమాన వాహక నౌక విక్రాంత్‌తో సహా నౌకలను బంగాళాఖాతంలో నడిపించారు. పాకిస్తాన్ జలాంతర్గామి ఘాజీ మన విశాఖ హార్బరు దగ్గరే మునిగింది. ఆర్కే బీచ్‌లోని విజయ స్మారకం ఆ యుద్ధానిదే.