సెనేటర్లను శాసనసభలు ఎన్నుకున్న రోజులు

ప్రశ్న: అమెరికాలో ఒకప్పుడు సెనేటర్లను ప్రజలు కాక రాష్ట్రాల శాసనసభలు ఎన్నుకునేవని చదివాను. ఆ పద్ధతి ఎందుకు పెట్టారు? లంచాల వల్లే అది రద్దయిందనడం నిజమేనా?

జవాబు: సగం నిజం. 1787లో ఫిలడెల్ఫియాలో రాజ్యాంగ రచన జరుగుతున్నప్పుడు, సెనేటర్లను ప్రజలే నేరుగా ఎన్నుకోవాలని పెన్సిల్వేనియా ప్రతినిధి జేమ్స్ విల్సన్ వాదించాడు గాని ఆయన మాట నెగ్గలేదు. డెలావేర్ ప్రతినిధి జాన్ డికిన్సన్ ప్రతిపాదన మేరకు ఆ అధికారం శాసనసభలకు దక్కింది. కొత్తగా ఏర్పడే కేంద్ర ప్రభుత్వంలో రాష్ట్రాలకు ఒక పట్టు ఉండాలనీ, ఎగువసభ ప్రజల తాత్కాలిక ఆవేశాలకు కాస్త ఎడంగా ఉండాలనీ వారు భావించారు.

అయితే ఎవరు ఎన్నుకోవాలో చెప్పిన రాజ్యాంగం, ఎలా ఎన్నుకోవాలో చెప్పలేదు. శాసనసభలోని రెండు సభలూ చెరొకరిని కోరుకుంటే ఏం చేయాలి? ఈ తగాదా మొదటి ఏడాదే న్యూయార్క్‌లో ఎదురైంది. 1789 మార్చిలో సెనేట్ ప్రారంభమయ్యే నాటికి ఆ రాష్ట్రపు రెండు స్థానాలూ ఖాళీగానే ఉన్నాయి; రూఫస్ కింగ్, ఫిలిప్ షైలర్ జూలైలో గాని ఎన్నిక కాలేదు. అప్పుడు కాంగ్రెస్ సమావేశమవుతున్నది న్యూయార్క్ నగరంలోనే కావడం విశేషం.

చివరికి 1866లో కాంగ్రెస్ ఒక చట్టం చేసింది. రెండు సభలూ ముందు విడివిడిగా, బహిరంగంగా ఓటు వేయాలి. ఇద్దరి ఎంపికా ఒకటి కాకపోతే మరునాడు మధ్యాహ్నం ఉమ్మడిగా సమావేశమై, ఎవరో ఒకరికి సగానికి మించి ఓట్లు వచ్చేదాకా రోజూ కనీసం ఒకసారి ఓటింగ్ జరపాలి. రోగానికి మందుగా తెచ్చిన ఈ నిబంధనే, నా అభిప్రాయంలో, రోగాన్ని ముదరబెట్టింది. సగానికి మించి ఓట్లు తప్పనిసరి కావడంతో, సొంత పార్టీ అభ్యర్థి గిట్టని ఒక చిన్న వర్గం మొండికేసినా చాలు, ఎన్నిక ఆగిపోయేది. డెలావేర్‌లో 1895లో 217 సార్లు ఓటింగ్ జరిపినా ఎవరూ గెలవలేదు. అదే రాష్ట్రానికి 1901 నుంచి 1903 వరకు సెనేట్‌లో ఒక్క సభ్యుడూ లేడు.

మిస్సోరిలో 1905 సమావేశాల చివరి రోజున జరిగింది వింటే ఆ వ్యవహారం ఎంత దిగజారిందో అర్థమవుతుంది. ఎన్నిక తేలకముందే సభ ముగిసే గంట కొట్టేస్తుందని భయపడి, కొందరు రిపబ్లికన్లు గోడ గడియారాన్ని ఆపడానికి నిచ్చెన తెచ్చారు. డెమోక్రాట్లు ఆ నిచ్చెన లాక్కుని కిటికీలోంచి బయటికి విసిరేశారు. ముష్టియుద్ధం మొదలైంది, బల్లలు ఊడివచ్చాయి, పుస్తకాలు గాలిలోకి లేచాయి. గడియారం అద్దం పగిలినా లోలకం ఊగుతూనే ఉండటంతో, ఒక సభ్యుడు సిరాబుడ్లు విసిరి విసిరి చివరికి దాన్ని విరగ్గొట్టాడు.

ఇక లంచాల సంగతి. మోంటానాలో రాగి గనుల యజమాని విలియం క్లార్క్ 1899లో ఎన్నికయ్యాడు. ఆ ఎన్నికకు ముందు ఒక సభ్యుడు, ఓట్ల కోసం పంచినవని చెబుతూ 30,000 డాలర్లను సభలో బయటపెట్టాడు. విచారణ తనకు ప్రతికూలంగా తేలడంతో క్లార్క్ 1900లో రాజీనామా చేశాడు. గవర్నర్ ఊళ్లో లేని సమయం చూసి, లెఫ్టినెంట్ గవర్నర్ ఆయన్నే ఆ ఖాళీలో నియమించాడు. తిరిగివచ్చిన గవర్నర్ దాన్ని రద్దు చేశాడు. అయినా 1901లో మోంటానా శాసనసభ క్లార్క్‌నే మళ్లీ ఎన్నుకుంది. ఇలినాయ్ సెనేటర్ విలియం లోరిమర్ ఎన్నికను మాత్రం 1912లో సెనేట్ చెల్లదని తేల్చింది. ఇవి పత్రికలకెక్కిన ఉదంతాలు కనుక అందరికీ గుర్తున్నాయి. కాని సెనేటర్ ఎంపిక తేలక నెలల తరబడి రాష్ట్రపు పనులు మూలపడటం సామాన్య ఓటరును అంతకన్నా ఎక్కువగా విసిగించి ఉంటుంది.

ప్రశ్న: తమకు పదవులిచ్చిన పద్ధతిని మార్చడానికి సెనేటర్లు ఎలా ఒప్పుకున్నారు?

జవాబు: చాలాకాలం ఒప్పుకోలేదు. 1893 నుంచి ప్రతినిధుల సభ పలుమార్లు ఆమోదించి పంపిన సవరణను సెనేట్ పక్కన పెడుతూ వచ్చింది. దారి చూపింది ఒరెగాన్. అక్కడ శాసనసభకు పోటీ చేసేవారు, పార్టీతో నిమిత్తం లేకుండా ప్రజల ఓటులో మొదట నిలిచిన వ్యక్తినే సెనేట్‌కు ఎన్నుకుంటామని ముందుగా రాతపూర్వకంగా మాట ఇచ్చే ఏర్పాటు వచ్చింది. ఆ మాటకు కట్టుబడి 1909లో రిపబ్లికన్ల ఆధిక్యం ఉన్న శాసనసభ డెమోక్రాట్ అయిన జార్జ్ చేంబర్లిన్‌ను ఎన్నుకోవలసి వచ్చింది! మరికొన్ని రాష్ట్రాలు ఇలాంటి మార్గాలే పట్టడంతో, ఆచరణలో ప్రజల ఓటుతో వచ్చిన సెనేటర్ల సంఖ్య పెరిగింది. దానికితోడు ఈ సవరణ కోసం రాజ్యాంగ సమావేశం పిలవాలని శాసనసభలే వరుసగా తీర్మానాలు పంపాయి. అలాంటి సమావేశం ఇంకేం మారుస్తుందోనన్న జంకు కూడా సెనేట్‌పై పనిచేసింది. 1911లో సెనేట్, 1912లో ప్రతినిధుల సభ ఆమోదించిన 17వ సవరణకు 1913 ఏప్రిల్ 8న కావలసిన రాష్ట్రాల మద్దతు పూర్తయింది. 1914 నవంబరులో సెనేట్ స్థానాలకు దేశవ్యాప్తంగా తొలిసారి ప్రజలే ఓటు వేశారు. ఖాళీ ఏర్పడినప్పుడు, ఎన్నిక జరిగేదాకా తాత్కాలికంగా ఒకరిని నియమించే అధికారాన్ని గవర్నరుకు ఇవ్వాలా వద్దా అన్న నిర్ణయం మాత్రం నేటికీ శాసనసభలదే.