పేరు అంతగా తెలియని నటి గురించి రాసేటప్పుడు

చిరంజీవి అమ్మాయికి,

ఆశీస్సులు. ఆ నటీమణి గురించి రాయాలని నిశ్చయించుకున్నావని మీ నాన్న చెప్పాడు. చాలా సంతోషం. సూర్యకాంతం గురించో, నిర్మలమ్మ గురించో రాయడానికి పదిమంది ఉన్నారు. పొరుగింటి పిన్నిగానో, ఆసుపత్రి నర్సుగానో, పెళ్లిచూపులకు వచ్చిన అత్తగారిగానో కనిపించి వెళ్లిన ఈవిడ గురించి రాసేవారు నువ్వు తప్ప లేరు. రేపు ఎవరికి ఏం కావాలన్నా నీ రాతే ఆధారం. అందుకే జాగ్రత్తలు చెబుతున్నాను.

సినిమాల సంఖ్య జోలికి పోవద్దు. ‘మూడు వందలకు పైగా చిత్రాల్లో నటించారు’ అని నివాళి వ్యాసాల్లో రాసేస్తుంటారు. ఎవరు లెక్కపెట్టారో ఎవరూ చెప్పరు. నువ్వు కళ్లారా చూసినవి ముప్ఫై అయితే ముప్ఫై అనే రాయి. మిగిలినవి ‘చెప్పగా విన్నవి’ అని విడిగా పెట్టు.

చిన్న వేషాల వారి పేర్లు టైటిల్స్‌లో ఒకే కార్డు మీద గుంపుగా పడతాయి. ఒక్కోసారి అసలు పడవు. దొరికే ప్రతుల్లో చాలాసార్లు ఆ టైటిల్స్ కూడా కోసేసి ఉంటాయి. అప్పుడు పాటల పుస్తకాలే దిక్కు. థియేటర్ల దగ్గర అమ్మిన ఆ పల్చటి పుస్తకాల్లో పాటలతోపాటు కథాసంగ్రహం, తారాగణం పట్టిక కూడా ఉండేవి. పుణేలో 1964లో ఏర్పడిన జాతీయ ఫిలిం ఆర్కైవ్ ఇలాంటివి భద్రపరిచింది. విజయచిత్ర, జ్యోతిచిత్ర, సితార సినిమా పత్రికల పాత సంచికలూ తిరగెయ్యి. ఒకే పేరుతో ఇద్దరు ముగ్గురు నటీమణులు ఉంటారు కాబట్టి ముఖం చూసి పోల్చుకోనిదే పట్టికలో చేర్చకు.

రెండు భాషల్లో తీసిన చిత్రాలతో మరీ జాగ్రత్త. 1957 నాటి మాయాబజార్‌లో తెలుగు అభిమన్యుడు నాగేశ్వరరావు, తమిళ అభిమన్యుడు జెమినీ గణేశన్. అంత పెద్ద వేషమే మారినప్పుడు చిన్న వేషాల సంగతి చెప్పాలా? తమిళ ప్రతి చూసి తెలుగు జాబితా రాయకు. డబ్బింగ్ సంగతీ కనుక్కో. తెర మీద ముఖం ఆవిడదే అయినా గొంతు మరొకరిది కావచ్చు.

సినిమాకు ముందు ఆవిడ ఎక్కడ ఉందో వెతుకు. మన తొలి టాకీ, 1932 నాటి భక్త ప్రహ్లాదలో లీలావతి వేసిన కమలాబాయి సురభి నాటకాల నుంచి వచ్చింది. తర్వాతి తరాల్లో పరిషత్తు నాటకాల (పోటీ నాటకాల) నుంచి, రేడియో నాటకాల నుంచి ఎందరో వచ్చారు. పాత కరపత్రాల్లో, నాటక సమాజాల సావనీర్లలో ఆవిడ పేరు దొరకవచ్చు. హైదరాబాదు దూరదర్శన్ 1977లో మొదలైంది, ప్రైవేటు చానళ్లు 1995లో వచ్చాయి. సినిమాల్లో రెండు మాటల వేషాలు వేసిన నటీమణులకు సీరియల్లో ఏళ్ల తరబడి ఒకే పాత్ర దొరికింది. కాబట్టి టీవీ పనిని చివరి పేరాలో రెండు ముక్కలుగా సర్దేయకు. ఆవిడ నటన పూర్తిగా విప్పారింది అక్కడేనేమో చూడు.

ఇప్పుడు అసలు పని. ఆవిడ ఉన్న ప్రతి సన్నివేశాన్నీ మొదట మాటలతో చూడు, తర్వాత శబ్దం తీసేసి చూడు. మాట తనది కానప్పుడు ఆవిడ ఏం చేస్తోంది? నాకు గుర్తున్న ఒక పొరుగావిడ వేషం చెబుతాను. ఆ వేషానికి మాటలు దాదాపు లేవు. హీరో తల్లి ఏడుస్తుంటే కెమెరా అంతా తల్లి మీదే. ఈవిడ మాత్రం పీటను మెల్లగా ముందుకు జరుపుకుని, ఓదార్చబోయి చెయ్యి వెనక్కి తీసుకుని, చెంగు సర్దుకుంటుంది. దర్శకుడు చెప్పాడో లేదో కానీ, ఆ ఇంటికి ఆవిడకు ఎంత చనువుందో, ఎక్కడ ఆగాలో ఆ ఒక్క కదలికలో తెలిసిపోయింది. ‘సహజ నటి’ అన్న మాట వాడాల్సిన అవసరం నీకు రాకూడదు. చెయ్యి ఎక్కడ ఆగిందో రాస్తే చాలు.

కుటుంబాన్ని కలిసినప్పుడు అవార్డుల గురించి అడగకు. వేషం ఉందని కబురు ఎవరు తెచ్చేవారు, కంపెనీ కారు వచ్చేదా, చీరలు కంపెనీవా ఆవిడవేనా, డబ్బు ఎప్పుడు చేతికి అందేది, పిల్లలను ఎవరి దగ్గర వదిలి వెళ్లేది అని అడుగు. ఈ చిన్న ప్రశ్నలకే పెద్ద జవాబులు వస్తాయి. ఫొటోలు ఇస్తే వాళ్ల ముందే నకలు తీసుకుని అసలువి అక్కడే ఇచ్చెయ్యి. ఇంటి కష్టాలు చెబితే విను, వాళ్లు రాయమంటేనే రాయి. పాపం అన్న భావంతో మాత్రం మొదలుపెట్టకు. పని దొరికినన్నాళ్లూ పనిమీద గౌరవంతో బతికిన మనిషిని దయతలచి చూడటం నాకు నచ్చదు.

మొదటి పదిహేను చిత్రాల పట్టిక సిద్ధం కాగానే పంపు. ప్రతి చిత్రానికి ఎదురుగా ఆవిడ కనిపించిన నిమిషం, వేసిన పాత్ర, పేరు ఎక్కడ చూశావో రాయి. నా దగ్గరున్న పాటల పుస్తకాలతో సరిచూసి తిరుగు టపాలో పంపుతాను.

ఇట్లు,
మీ పెదనాన్న