చిట్టికి, ఉద్యోగం మానే ముందు చదవాల్సిన ఉత్తరం

చిట్టీ,

నిన్న రాత్రి అన్నయ్య ఫోన్ చేశాడు. "నీ మేనకోడలు ఉద్యోగం మానేసి సినిమాలకు స్క్రిప్టులు రాస్తుందట. నువ్వైనా చెప్పు" అన్నాడు. గొంతులో కోపం కంటే దిగులే ఎక్కువ వినిపించింది. నాకు మాత్రం ముందు గర్వంగా అనిపించింది. మన ఇంట్లో ఇంకొకరు రాతకు దిగుతున్నారు కదా అని. ఆ తర్వాత టెన్షన్‌తో తెల్లారేదాకా నిద్ర పట్టలేదు. ఫోన్లో చెబితే సగం విని "సరే అత్తా" అనేస్తావు, అందుకే రాస్తున్నాను.

రోజూ రాయి. కొన్ని నెలల ఖర్చుకు డబ్బు పక్కన పెట్టుకో. కథ ఎవరికైనా చెప్పే ముందు రచయితల సంఘంలో రిజిస్టర్ చేయించుకో. అడ్వాన్సు చేతికి రాకుండా రెండో వెర్షన్ మొదలుపెట్టకు. ఇవి ఎవరిని అడిగినా చెబుతారు.

నేను చెప్పాలనుకున్నది షినోబు హషిమోతో సంగతి. జపాన్ సినిమా రచయిత. 'రషోమాన్', 'ఇకిరు', 'సెవెన్ సమురాయ్', 'హరకిరి' నువ్వు చూసే ఉంటావు, టైటిల్స్‌లో ఆయన పేరు మీద నీ కన్ను నిలిచి ఉండదు. 70కి పైగా స్క్రిప్టులు రాశాడు. 1918లో పుట్టి, 2018లో పోయాడు, నిండు నూరేళ్లు. ఆయన జీవితంలో నువ్వు పట్టుకోవాల్సినవి ఉన్నాయి, భయపడాల్సింది ఒకటి ఉంది.

1938లో సైన్యంలో చేరాడు. క్షయ బయటపడింది. యుద్ధానికి కాకుండా ఒకయామాలోని శానిటోరియానికి పంపారు, నాలుగేళ్లు అక్కడే. పక్క మంచం మీది రోగి చదువుకోమని ఒక సినిమా పత్రిక ఇచ్చాడు. అందులో ఒక స్క్రీన్‌ప్లే ఉంది. అది చదివి, ఇంతేనా, ఇదైతే నేనూ రాయగలను అనుకున్నాడట. జపాన్‌లో అందరికంటే గొప్ప స్క్రీన్‌ప్లే రచయిత ఎవరని అడిగాడు. మన్‌సాకు ఇతామి అన్నాడతను. అయితే రాసి ఆయనకే పంపిస్తానన్నాడు.

ఈ పొగరు నీలోనూ ఉంది, అది నాకిష్టం. కానీ ఆ తర్వాత ఏం చేశాడో చూడు. శానిటోరియం జీవితం మీద ఒక స్క్రిప్టు పూర్తి చేయడానికి ఏళ్లు పట్టింది. ఇతామికి పంపాడు. ఆయనా క్షయతో మంచం పట్టిన మనిషే, అయినా చదివి, ఎక్కడెక్కడ తప్పిందో జవాబు రాశాడు. అప్పటినుంచి హషిమోతో ఆయన శిష్యుడు. హిమేజిలో ఒక కంపెనీలో లెక్కలు రాసే ఉద్యోగం చేసుకుంటూ, పోతూ వస్తూ రైల్లో స్క్రిప్టులు రాసుకునేవాడు. విన్నావా? నీలాగే లెక్కల ఉద్యోగం. 1950లో 'రషోమాన్' విడుదలయ్యాక గానీ దాన్ని వదిలి టోక్యోకు కాపురం మార్చలేదు. ఒక్క స్క్రిప్టు కూడా అమ్ముడుపోకముందే రాజీనామా కాగితం పెడతానంటున్న నీకు ఇంతకంటే ఏం చెప్పను?

ఒకసారి ఇతామి అడిగాడట, వేరొకరి కథను సినిమాకు మలచాలంటే ఎలా పట్టుకోవాలని. దొడ్లో ఒక ఆవు ఉందనుకోండి, అన్నాడు హషిమోతో. ఎండ అయినా వాన అయినా రోజూ వెళ్లి అన్ని వైపుల నుంచీ చూస్తాను, ఆయువుపట్టు ఎక్కడో తెలిశాక లోపలికి వెళ్లి ఒక్క దెబ్బకు పడగొడతాను, నాకు కావలసింది ఆవు కాదు, దాని రక్తం అన్నాడు. మన చెవులకు ఘోరంగానే ఉంటుంది. నీ నాయనమ్మ అయితే చెవులు మూసుకునేది. కానీ పనితనమంతా ఆ మాటలో ఉంది. ఇతామి కాసేపు ఆలోచించి, చంపకుండా, దానితో కలిసి చచ్చిపోవాల్సిన కథలు కూడా ఉంటాయని చెప్పాడట. 1946లో ఇతామి పోయాడు. శిష్యుడి స్క్రిప్టులు చేతులు మారి దర్శకుడు అకిరా కురొసావా దగ్గరికి చేరాయి. వాటిలో ఒకటి అకుతాగవా అనే రచయిత కథకు చేసిన స్క్రిప్టు. అదే తర్వాత 'రషోమాన్' అయింది.

సెవెన్ సమురాయ్‌కి ముందు కురొసావా, హషిమోతో కలిసి ఇంకో సినిమా తీయాలనుకున్నారు. ఒక సమురాయ్ జీవితంలో ఒక్క రోజు. పొద్దున్నే లేస్తాడు, కోటకు కొలువుకు వెళ్తాడు, చిన్న పొరపాటు జరుగుతుంది, సాయంత్రానికి కడుపు కోసుకుని చస్తాడు. హషిమోతో గ్రంథాలయంలో కూర్చుని పాత పుస్తకాలన్నీ తిరగేశాడు. ఒక్క సంగతి తేలలేదు. ఆ కాలపు సమురాయ్ మధ్యాహ్నం భోజనం చేసేవాడా? చేస్తే ఇంటి నుంచి కట్టుకెళ్లేవాడా? అది తెలియకుండా ఆ రోజు నడవదు, నేను రాయలేను అన్నాడు. కురొసావా మండిపడ్డాడు. అయినా ఆ కథ వదిలేశారు. ఆ తర్వాత మాటల్లో, దేశం పట్టుకుని తిరిగే సమురాయ్‌లు తిండికి ఏం చేసేవారన్న ప్రశ్న వచ్చింది. రాత్రిపూట ఊరికి కాపలా కాస్తే రైతులే అన్నం పెట్టేవారని తెలిసింది. రైతులు సమురాయ్‌లను పెట్టుకున్నారు! సెవెన్ సమురాయ్ అక్కడ పుట్టింది.

అది రాసిన తీరు చూడు. అతామిలో ఒక సత్రంలో ముగ్గురు. హషిమోతో, కురొసావా ఒకే సీను ఎవరికి వారు రాసేవాళ్లు. మూడో ఆయన హిదెయో ఒగుని కలం పట్టేవాడు కాదు. ఇద్దరి కాగితాలూ చదివి, బాగుంటే ముందుకు పోనిచ్చేవాడు, లేకపోతే లేదనేవాడు. కురొసావా రాసినదానికైనా అంతే. తెరమీద మాత్రం ముగ్గురి పేర్లూ పడ్డాయి.

పేర్లంటే గుర్తొచ్చింది. నేను ఒక సినిమాకు నాలుగు సీన్లు రాసిచ్చాను, నీకు తెలుసు. థియేటర్లో మీ మామయ్యా నేనూ టైటిల్స్ మొదటినుంచీ చివరిదాకా చూశాం, నా పేరు లేదు. ఇంటికొచ్చేదాకా ఆయన నా చెయ్యి వదల్లేదు. పేరు సంగతి కాగితం మీద పెట్టించుకోకుండా ఎవరికీ ఒక్క సీను కూడా ఇవ్వకు. పెద్ద బ్యానర్ అన్నా సరే, బంధువులన్నా సరే.

ఇప్పుడు నా అసలు భయం చెబుతాను.

1973లో హషిమోతో సొంత నిర్మాణ సంస్థ పెట్టాడు. 'క్యాసిల్ ఆఫ్ శాండ్' స్క్రిప్టు అంతకు పదేళ్ల కిందే యోజి యమదాతో కలిసి రాసి పెట్టుకున్నది, తీసేవాళ్లు లేక అలాగే ఉండిపోయింది. సెయిచో మత్సుమోతో నవల అది. కుష్ఠురోగంతో ఊరు వదిలిన తండ్రి, వెంట చిన్న కొడుకు. వాళ్లు అలా ఎలా తిరిగారో నవలలో కొద్ది మాటల్లోనే ఉంటుంది. ఆయువుపట్టు అక్కడ దొరికింది వీళ్లకు. సినిమా చివర సంగీత కచేరీ సాగుతూ ఉంటే, మంచులో, ఎండలో ఆ తండ్రీకొడుకులు నడుస్తూనే ఉంటారు. చూసిన ప్రతిసారీ ఏడ్చాను. 1974లో వచ్చింది, జనం విరగబడి చూశారు. 1977లో 'మౌంట్ హక్కోడా' ఇంకా పెద్ద విజయం. ఇక ఆయన మాటకు తిరుగు లేదు.

1982లో, తోహో అనే సినిమా సంస్థ 50 ఏళ్ల సందర్భానికి తీసిన సినిమాకు కథ, స్క్రీన్‌ప్లే, దర్శకత్వం అన్నీ తనే. నిర్మాణంలోనూ తనే. బీవా సరస్సు ఒడ్డున రోజూ పరుగెత్తే ఒక యువతి. పెంపుడు కుక్కను ఎవడో చంపేస్తాడు. వాడిని వెతికి పట్టుకుని, పరుగులోనే వెంటాడుతుంది. మధ్యలో కొన్ని వందల ఏళ్ల కిందటి యుద్ధకాలపు కథ వస్తుంది. చివరికి సినిమా అంతరిక్షానికి వెళ్తుంది. రెండున్నర గంటల పైమాటే. కొద్ది రోజులకే థియేటర్ల నుంచి తీసేశారు. ఆ తర్వాత ఆయన రాసిన సినిమాలు వేళ్ల మీద లెక్కపెట్టవచ్చు.

ఆ సినిమాను వెక్కిరించేవాళ్లు చాలామంది. నాకు నవ్వు రాదు. కుక్క కోసం పరుగెత్తే ఆడపిల్ల మంచి ఊహే. సరస్సు అడుగున పాత కథ ఉండటమూ మంచి ఊహే. కానీ ఒకప్పుడు ఒక మధ్యాహ్న భోజనం సంగతి తేలలేదని కథనే వదులుకున్న మనిషి, 64 ఏళ్ల వయసులో వీటన్నిటినీ ఒకే కథలో ఎలా పెట్టగలిగాడు? ప్రతిభ తగ్గిందని నేననుకోను. ఇతామి లేడు, ఎదురుగా ఒగుని లేడు. వీటికీ దానికీ సంబంధం ఏమిటని నిలదీసేంత చనువు ఆ గదిలో ఎవరికీ లేకపోయిందని నా నమ్మకం. అందరూ గౌరవించారు. ఆ గౌరవమే ముంచింది.

నువ్వు గది తలుపు వేసుకుని ఒంటరిగా రాస్తానన్నావట. అదే నన్ను నిద్రపోనివ్వలేదు. డబ్బు పోతే సర్దుకోవచ్చు, మీ నాన్న ఉన్నాడు, నేనున్నాను. నీ రాత బాగోలేదని నీ మొహం మీదే చెప్పే మనిషి లేకపోతే ఏం చేస్తావే? నీ స్నేహితులు చెప్పరు, వాళ్లకు నువ్వంటే ప్రేమ. నేను రేడియోకు నాటికలు రాసే రోజుల్లో మీ మామయ్య వరండాలో పేపరు పట్టుకుని వినేవాడు. ఎక్కడ పేపరు మడత విప్పాడో అక్కడ సీను చచ్చిందని నాకు తెలిసేది. ఆయన పోయాక రాసినవాటిలో ఒక్కటీ నాకు నచ్చలేదు, ఎందుకు నచ్చలేదో చెప్పేవాళ్లూ లేరు.

అందుకని ఇలా చెయ్యి. ఈ ఏడాదికి ఉద్యోగం ఉంచుకో. ఆఫీసుకు పోయేటప్పుడు మెట్రోలో ఫోన్ చూసే బదులు ఒక సీను రాయి. నీకంటే బాగా రాసేవాళ్లను ఇద్దరిని వెతుక్కో. వాళ్లు కొట్టేసిన సీను గురించి వాదించకు, మూడు రోజులు ఆగి మళ్లీ చదువు. వేళకు తిను. పోయిన పండక్కి వచ్చినప్పుడు నీకు దగ్గు తగ్గలేదు, మీ అమ్మకు చెప్పలేదు గానీ నేను గమనించాను. ముందు డాక్టరుకు చూపించుకో.

మొదటి ముప్ఫై పేజీలు పూర్తవగానే పెద్ద అక్షరాల్లో ప్రింటు తీసి పోస్టులో పంపు, ఫోన్లో చదవలేను. ముద్దుచేసి చదవను, ముందే చెబుతున్నాను. అన్నయ్యతో నేను మాట్లాడతాను. ఆ ముప్ఫై పేజీలు వచ్చాకే మాట్లాడతాను.

మీ అత్త