పని అయి 14 నెలలైనా బిల్లు రాలేదు, పొలం అమ్మేయాలా?

ప్రశ్న: సార్, మాది మహారాష్ట్రలోని సిరోంచా తాలూకా. పీడబ్ల్యూడీ కింద సీసీ రోడ్డు, పక్కన నాలీ వేశాను. పని పూర్తయి 14 నెలలైంది. ఎం.బి. (పని కొలతల పుస్తకం) రాశారు కానీ 19 లక్షల ఫైనల్ బిల్లు అలాగే ఉంది, ఎప్పుడు వెళ్లినా ఫండ్ రాలేదంటారు. మంచిర్యాల నుంచి తెచ్చిన సిమెంటుకు, కూలీలకు 8 లక్షలు మూడు రూపాయల వడ్డీకి తెచ్చాను. ఇంట్లో మా ఆవిడ బంగారం 12 తులాలు, ఊళ్లో రెండెకరాల పొలం ఉన్నాయి. పొలం అమ్మి అప్పు తీర్చాలా? కేసు వేస్తే ఇక టెండర్లు రావని టెన్షన్.

జవాబు: పొలం అమ్మకండి. మిమ్మల్ని ముంచుతున్నది ఆ మూడు రూపాయల వడ్డీ. 8 లక్షలకు నెలకు 24,000, అంటే 14 నెలలకు 3,36,000 అయింది, బహుశా ఈ పనిలో మీకు మిగలాల్సిన లాభమంతా అదే. అదే 8 లక్షలు బ్యాంకులో బంగారం పెట్టి తెస్తే, ఏడాదికి పది శాతం వేసుకున్నా నెలకు 6,700 దాటదు. బంగారం మీ ఆవిడది కాబట్టి ఆమెను కూర్చోబెట్టి ఈ లెక్క చూపించి అడగండి, ఒప్పుకుంటే ఈ వారమే అప్పిచ్చిన సేఠ్ బాకీ తీర్చేసి ప్రామిసరీ నోటు వెనక్కి తీసుకోండి.

ఇక బిల్లు సంగతి. ఫండ్ రాలేదన్న మాటతో మీ బాకీ చెరిగిపోదు, పని చేయించుకున్నాక డబ్బు ఇవ్వాల్సిందే. కానీ మీ చేతిలో గడువు మాత్రం తరిగిపోతోంది, దీన్ని చాలామంది పట్టించుకోరు. లిమిటేషన్ చట్టం ప్రకారం, డబ్బు ఎప్పుడివ్వాలో అగ్రిమెంట్‌లో లేకపోతే, చేసిన పనికి డబ్బు అడుగుతూ కోర్టుకు వెళ్లడానికి పని పూర్తయిన రోజు నుంచి మూడేళ్లే. మీకు మిగిలింది 22 నెలలు. వచ్చే నెల చూద్దాం అని ఎవరో నోటితో అంటే ఆ గడువు ఆగదు. గడువు దాటకముందే ఆఫీసు వాళ్లు ఇంత బాకీ ఉందని సంతకంతో రాసిస్తే మాత్రం ఆ తేదీ నుంచి మళ్లీ మూడేళ్లు మొదలవుతాయి. మా మామయ్య ఒక చెరువు కట్ట పని చేసి, ఇంజినీరు మంచివాడు కదా అని నాలుగేళ్లు ఊరికే తిరిగాడు, చివరికి వకీలు ఫైలు చూసి గడువు పోయిందన్నాడు. ఆ రోజు ఆయన ముఖం నాకింకా గుర్తుంది, అందుకే ఇంత గట్టిగా చెబుతున్నాను.

కాబట్టి ఎగ్జిక్యూటివ్ ఇంజినీరుకు స్పీడ్ పోస్టులో లెటర్ పెట్టండి. వర్క్ ఆర్డర్ నంబరు, పని పూర్తయిన తేదీ, ఎం.బి. పేజీ, రావాల్సిన మొత్తం రాసి, ఆలస్యానికి వడ్డీ కూడా కావాలని స్పష్టంగా అడగండి. ఇంటరెస్ట్ యాక్ట్ 1978 ప్రకారం, డబ్బు ఇవ్వాల్సిన తేదీ అగ్రిమెంట్‌లో లేనప్పుడు, వడ్డీ అడుగుతూ రాసిన నోటీసు తేదీ నుంచే కోర్టు వడ్డీ లెక్కించవచ్చు, ఎంత ఆలస్యంగా రాస్తే అంత నష్టం. వడ్డీ ఇవ్వం అనే షరతు అగ్రిమెంట్‌లో ఉందేమో మాత్రం ముందు చదివి చూసుకోండి. దాంతోపాటు పది రూపాయల ఆర్టీఐ వేసి, బిల్లు ఏ తేదీన పాసైంది, ఫైలు ఎవరి దగ్గర ఉంది అని అడగండి. 30 రోజుల్లో జవాబివ్వాలి. అప్లికేషన్ మరాఠీలోనో హిందీలోనో ఇంగ్లీషులోనో ఉండాలి, తెలుగులో రాస్తే తీసుకోరు.

తెలంగాణలో ఉన్న చుట్టాలెవరైనా 'ఉద్యమ్ రిజిస్ట్రేషన్ (చిన్న సంస్థల నమోదు) ఉంటే, రాని బాకీల కోసం ఉన్న సమాధాన్ పోర్టల్‌లో పెట్టు, 45 రోజులు దాటితే బ్యాంక్ రేటుకు మూడు రెట్ల చక్రవడ్డీ వస్తుంది' అని చెప్పవచ్చు. చిన్న సంస్థల కోసం ఉన్న ఎంఎస్ఎంఈ చట్టంలో ఆ మాట నిజంగానే ఉంది. కానీ మనం బాంబే హైకోర్టు కింద ఉన్నాం, వర్క్స్ కాంట్రాక్టులకు, అంటే మీ రోడ్డు లాంటి పనులకు, ఆ చట్టం వర్తించదని ఆ కోర్టు తీర్పులు ఉన్నాయి. దాని మీదే ఆశ పెట్టుకుని 22 నెలలూ పోగొట్టుకోవద్దు.

ఆర్టీఐ జవాబులో బిల్లు పాసైందని, మొత్తం మీద పేచీ లేదని తేలితే బాంబే హైకోర్టు నాగపూర్ బెంచ్‌లో రిట్ (నేరుగా హైకోర్టులో వేసే పిటిషన్) వేయవచ్చు, ఒప్పుకున్న బాకీని ఊరికే ఆపిపెడితే హైకోర్టు వినే అవకాశం ఉంది. కొలతల మీదే పేచీ ఉంటే సివిల్ దావాయే దారి. దానికి ముందు సీపీసీ (సివిల్ ప్రొసీజర్ కోడ్) సెక్షన్ 80 కింద గడ్చిరోలి కలెక్టర్‌కో ముంబై మంత్రాలయ (సచివాలయం)లో సెక్రటరీకో నోటీసిచ్చి రెండు నెలలు ఆగాలి, ఆ రెండు నెలలు మీ మూడేళ్లలో లెక్కకు రావు. 3 లక్షలు దాటిన పనుల తగాదా కమర్షియల్ కోర్టుకు వెళ్తుంది, అక్కడ అర్జెంటు ఆర్డరు అడగకపోతే ముందు మీడియేషన్ (మధ్యవర్తి ద్వారా రాజీ ప్రయత్నం) తప్పనిసరి. వకీలు ఫీజు ఎంతో ముందే రాయించుకోండి.

టెండర్ల భయం నాకు అర్థమవుతుంది, చిన్న తాలూకాలో అందరూ అందరికీ తెలుసు. అయినా డబ్బు అడిగారని బ్లాక్‌లిస్టులో పెట్టడం చెల్లదు. ఏ కారణంతోనైనా షోకాజ్ నోటీసిచ్చి మీ జవాబు వినకుండా ఆ పని చేయకూడదని సుప్రీంకోర్టు చాలాసార్లు చెప్పింది. డబ్బు ఇస్తామని పిలిచి 'ఇక క్లెయిమ్ లేదు' అన్న కాగితం ముందు పెడితే, మొత్తం రానప్పుడు, అభ్యంతరంతో తీసుకుంటున్నానని రాసి సంతకం పెట్టండి.

బిల్లు పడిన రోజు కొత్త టెండరు డిపాజిట్‌కో మిక్సర్‌కో వెళ్లకండి. ముందు బ్యాంకుకు వెళ్లి ఆ 12 తులాలు విడిపించి మీ ఆవిడ చేతిలో పెట్టండి.